కాలాన్ని వెనక్కి తిప్పే ఇసుక: దాని లెక్క, దాని వెల

మీరు అడిగిన సంగతులు మూడు. ‘ప్రిన్స్ ఆఫ్ పర్షియా’ వీడియో ఆటల్లో కనిపించే కాలపు ఇసుకకు నిలకడైన నియమాలు ఉన్నాయా అన్నది మొదటిది. కాలం వెనక్కి మళ్ళిన తర్వాత రాకుమారుడికి ఒక్కడికే జరిగినదంతా ఎందుకు గుర్తుంటుంది, తర్వాతి ఆటల్లో చెప్పిన ఇసుక పుట్టుక మొదటి ఆటతో అతుకుతుందా అన్నది రెండోది. మీరు రాస్తున్న జానపద నవలలో ఒక రసవాది చేసిన భస్మం చల్లితే కాలం వెనక్కి పోతుంది కనుక, దానికి ఈ ఇసుక నమూనాగా పనికొస్తుందా అన్నది మూడోది. నేను చాలాకాలంగా ఆటల రూపకల్పనలో పనిచేస్తున్నాను. ఈ పనిలోకి కొత్తగా వచ్చేవాళ్ళకు మొదట విడదీసి చూపించేది 2003లో వచ్చిన ‘ద శాండ్స్ ఆఫ్ టైమ్’నే; ఈ ఇసుక మొదట కనిపించింది అందులోనే కాబట్టి, మొదటి ఆట అని నేను అనేది దాన్నే. అందువల్ల జవాబు కొంత పొడుగవుతుంది. కథ ముగింపు కూడా చెప్పక తప్పదు కాబట్టి, ఆట ఇంకా ఆడనివారు ఆ సంగతి గమనించి చదవాలి.

ముందు నా అభిప్రాయం చెప్పి, తర్వాత దానికి ఆధారాలు చూపిస్తాను. ఈ ఇసుకకు సంబంధించిన నియమాలన్నీ ఒకే ఒక్క లెక్కలో నుంచి పుట్టాయి: గడిచిన కాలం తిరిగి వస్తుంది గానీ, దాన్ని తిప్పడానికి ఖర్చుపెట్టిన ఇసుక తిరిగి రాదు. మొదటి ఆట ఈ లెక్కను ఎక్కడా తప్పకుండా పాటించింది కాబట్టే అది ఇన్నేళ్ళ తర్వాత కూడా నిలబడింది. తర్వాతి ఆటలు ఇసుక ఎక్కడ పుట్టిందో వివరించడానికి పూనుకుని, ఆ లెక్కను చాలావరకు పక్కన పెట్టాయి.

దీనికి మూలం 1989లోనే ఉంది. ఆపిల్ టూ కంప్యూటర్ కోసం జోర్డాన్ మెక్నర్ చేసిన మొదటి ‘ప్రిన్స్ ఆఫ్ పర్షియా’లో మాయ ఇసుక లేదు గానీ ఇసుక గడియారం ఉంది. సుల్తాను దూరదేశంలో ఉన్న సమయంలో అధికారం చేజిక్కించుకున్న వజీరు జాఫర్ రాకుమారికి ఒక గంట గడువిస్తాడు. ఆ గంటలోగా తనను పెళ్ళాడటానికి ఒప్పుకోవాలి, లేకపోతే చావాలి. ఆమె గదిలో ఇసుక రాలుతూ ఉంటుంది, చెరసాల అడుగున పడి ఉన్న నాయకుడు ఆ 60 నిమిషాల్లో ఆమెను చేరుకోవాలి. ఆ 60 నిమిషాలు కథలోని నిమిషాలు మాత్రమే అనుకోకూడదు, ఆడేవాడి గోడ గడియారంలోని నిమిషాలు కూడా అవే. నాయకుడు గోతిలో పడి చస్తే ఆ అంచె మొదటి నుంచి మళ్ళీ మొదలవుతుంది, అలా ఎన్నిసార్లయినా చావవచ్చు, కానీ గడియారం మాత్రం ఒక్క నిమిషం కూడా వెనక్కి ఇవ్వదు. మనిషి తిరిగి బతుకుతాడు, కాలం తిరిగి రాదు. 2003 ఆట ఈ సూత్రాన్నే తిరగేసింది. అందులో కాలం తిరిగి వస్తుంది, ఇసుక తిరిగి రాదు. రెండు ఆటలకూ కథ రాసింది మెక్నరే కావడం వల్ల ఈ పోలిక యాదృచ్ఛికం అనుకోవడం నాకు కష్టం.

‘ప్రిన్స్ ఆఫ్ పర్షియా: ద శాండ్స్ ఆఫ్ టైమ్’ను ఉబిసాఫ్ట్ మాంట్రియల్ స్టూడియో తయారుచేసింది. కథ తొమ్మిదో శతాబ్దంలో జరుగుతుంది. పర్షియా రాజు షారమాన్, అతని కొడుకైన రాకుమారుడు భారతదేశంలోని ఒక మహారాజు కోట మీద దాడి చేస్తారు. ఆ మహారాజు వజీరే ద్రోహం చేసి ద్వారం తెరిపిస్తాడు. కోట ఖజానాలో రాకుమారుడికి ఒక బాకు దొరుకుతుంది. అదే కోటలో మాయ ఇసుకతో నిండిన ఒక బ్రహ్మాండమైన ఇసుక గడియారం కూడా ఉంటుంది. దాన్నీ, బందీగా పట్టుకున్న మహారాజు కూతురు ఫరానూ తీసుకుని పర్షియన్లు ఆజాద్ నగరపు సుల్తానుకు కానుక ఇవ్వడానికి వెళతారు. అక్కడ వజీరు రాకుమారుడి కుర్రతనాన్ని, పేరు కోసం అతనికున్న ఆరాటాన్ని ఆసరా చేసుకుని, బాకును ఆ గడియారంలో గుచ్చమని ఉసిగొల్పుతాడు. ఇసుక విరజిమ్ముతుంది. అది తాకిన మనుషులందరూ ఇసుక భూతాలైపోతారు. బాకు చేతిలో ఉన్న రాకుమారుడు, దండం పట్టుకున్న వజీరు, మెడలో పతకం ఉన్న ఫరా, ఈ ముగ్గురే మనుషులుగా మిగులుతారు. ఇక్కడే ఒక నియమం ఏర్పడింది: ఇసుకతో సంబంధమున్న ఏదో ఒక వస్తువు ఒంటిమీద ఉన్నవాళ్ళను ఇసుక ఏమీ చేయలేదు. ఆట దీన్ని ఒక్క మాటలో దాటేస్తుంది గానీ, మీ రెండో ప్రశ్నకు జవాబు సగం దీనిలోనే ఉంది.

ఇక ఇసుక పనిచేసే తీరు చూద్దాం. బాకు పిడిలో ఇసుక నిల్వ ఉంటుంది, ఆ నిల్వ తెర మీద ఒక మూల చిన్న గుండ్రాలుగా కనిపిస్తూ ఉంటుంది. ఒక గుండ్రం ఖర్చుపెడితే సుమారు పది సెకన్ల దాకా కాలాన్ని వెనక్కి లాగవచ్చు. పడిన గోతిలో నుంచి రాకుమారుడు పైకి తేలివచ్చి, దూకిన గోడ అంచు మీద తిరిగి నిలబడతాడు, తగిలిన దెబ్బ తగలనట్టే అయిపోతుంది, ఇసుక మిగిలి ఉంటే చావును కూడా అలాగే రద్దు చేయవచ్చు. అదే ఇసుకతో చుట్టూ ఉన్నవాటి వేగం తగ్గించవచ్చు, ఒక శత్రువును ఉన్నచోటే బిగదీయవచ్చు. కోటలో అక్కడక్కడా ఇసుక సుడులు నిలువుగా లేచి ఉంటాయి, వాటిలోకి అడుగుపెడితే ముందు జరగబోయేది ముక్కలుముక్కలుగా కళ్ళ ముందు కదులుతుంది, ఆట సేవ్ అయ్యేది కూడా అక్కడే. అంటే గతానికి తీసుకెళ్ళేది, భవిష్యత్తు చూపించేది, మనుషులను భూతాలుగా మార్చేది, ఆడేవాడి ప్రగతిని భద్రపరిచేది, ఇన్నీ ఒకే పదార్థం. మాయ ఎక్కడ కనిపించినా దానికి వేరే కారణం వెతకనక్కర్లేని పొదుపు ఇందులో ఉంది. రచయితగా మీరు దీని నుంచి నేర్చుకోవలసిన మొదటి విషయం అదే అనుకుంటాను.

నిల్వ అయిపోతే రాకుమారుడు మామూలు మనిషే. నింపుకోవాలంటే భూతాలతో పోరాడి, నేలకూలిన దానిలో బాకు దించి ఇసుకను లాక్కోవాలి. అలా లాక్కోకుండా వదిలేస్తే అది మళ్ళీ లేచి నిలబడుతుంది. ఆ భూతాలు ఎవరో గుర్తు తెచ్చుకుంటే ఈ ఏర్పాటు బరువు తెలుస్తుంది. అవి నిన్నటి దాకా అతని సైనికులు, ఆ నగరపు కావలివాళ్ళు. ఆట తొలి భాగంలోనే అతను ఎదిరించవలసిన వాళ్ళలో కన్నతండ్రి కూడా ఉన్నాడు. తను తెచ్చిపెట్టిన నాశనం నుంచే తను తప్పు దిద్దుకునే శక్తిని కూడబెట్టుకోవాలి. ఈ సంగతిని ఎవరూ ఉపన్యాసంగా చెప్పరు, ప్రతి పోరాటం చివర చేతి కదలికగా చేయిస్తారు. ఆటకు మాత్రమే సాధ్యమైన కథనం ఇది, దీన్ని నేను ఎంతగానో గౌరవిస్తాను.

పది సెకన్ల పరిమితికి యంత్రం వైపు నుంచి కూడా అర్థముంది. కాలాన్ని వెనక్కి తిప్పి చూపించాలంటే ప్రతి క్షణంలో ఎవరు ఎక్కడున్నారు, ఏ భంగిమలో ఉన్నారు, ఏ రాయి ఎంత ఎత్తు నుంచి పడుతోంది అన్న స్థితినంతటినీ ఎప్పటికప్పుడు భద్రపరుస్తూ పోవాలి. ఆనాటి ఆట యంత్రం ప్లేస్టేషన్ 2 ప్రధాన మెమరీ 32 మెగాబైట్లు మాత్రమే, అందులోనే ఆట మొత్తం ఇమడాలి. కాబట్టి ఎంతసేపైనా వెనక్కి పోనివ్వడం అప్పట్లో కుదిరే పని కాదు. కుదరని దాన్ని దాచిపెట్టకుండా, ఇసుక అనే కొలతగా మార్చి కథలో భాగం చేశారు. యంత్రం హద్దు, కథ హద్దు ఒకే గీత మీద కలిసినప్పుడు ఆడేవాడు దాన్ని లోటుగా భావించడు.

ఇప్పుడు అసలు లెక్కకు వస్తాను. కాలం వెనక్కి మళ్ళినప్పుడు లోకంలోని ప్రతి వస్తువూ తన పాత చోటికి పోవాలి. మరి ఖర్చైన ఇసుక కూడా పాత చోటికి, అంటే బాకు పిడిలోకి తిరిగి చేరాలి కదా? చేరితే వెలే ఉండదు, రాకుమారుడు జీవితాంతం ఉచితంగా కాలాన్ని తిప్పుతూ కూర్చోవచ్చు. చేరలేదంటే, ఇసుక ఒక్కటే కాలప్రవాహానికి బయట నిలబడి ఉందని అర్థం. కాలాన్ని మార్చే ఏ పదార్థానికైనా ఈ మినహాయింపు తప్పనిసరి. తాను మార్చే దానికి తాను కూడా లోబడే పదార్థం తన పనిని తానే చెరిపేసుకుంటుంది. ఆట ఈ మాటను ఎక్కడా ప్రకటించదు గానీ, తెర మీద తరిగిపోయే గుండ్రాల ద్వారా ప్రతిసారీ చూపిస్తుంది. 2008లో వచ్చిన ‘బ్రెయిడ్’ అనే ఆట దీనికి ఎదురుదారి పట్టింది. అందులో కాలాన్ని ఎంతసేపైనా, ఎన్నిసార్లైనా ఉచితంగా వెనక్కి తిప్పవచ్చు, కానీ కొన్ని వస్తువులు ఆకుపచ్చని మెరుపుతో ఉంటాయి, కాలం వెనక్కి పోయినా అవి కదలవు. ఆ చిక్కుముడుల్లో చాలావాటికి ఆ వస్తువులే ఆధారం. వెల తీసేసినా మినహాయింపును మాత్రం తీసేయలేకపోయారన్నది గమనించండి. రెండింటిలో కనీసం ఒకటైనా లేకపోతే కాలంతో కథ నడవదు, రెండూ ఉంటే ‘శాండ్స్ ఆఫ్ టైమ్’ లాంటిది వస్తుంది.

ఈ మినహాయింపు నుంచే జ్ఞాపకం సంగతి తేలుతుంది. ఇసుక కాలానికి బయట ఉంది, బాకు ఆ ఇసుకను మోస్తోంది, బాకు పట్టుకున్నవాడు ఇసుక ప్రభావానికి లోబడడని ఆజాద్ ఘటనలోనే చూశాం. కాబట్టి అతని శరీరం వెనక్కి పోయినా అతని ఎరుక పోదు. ఫరా మెడలో పతకం ఉంది కదా, ఆమెకెందుకు గుర్తుండదు అని మీరు అడగవచ్చు. పతకం ఆమెను భూతం కాకుండా కాపాడుతుంది, కాలాన్ని తిప్పే చెయ్యి మాత్రం ఆమెది కాదు. ఈ తేడాను ఆట నేరుగా చెప్పలేదు. ఆటలో జరిగినవాటినన్నిటినీ కలిపి చూస్తే నాకు పొసగుతున్న వివరణ ఇదే.

ముగింపు ఈ తేడా మీదే నిలబడి ఉంది. గోపురం పైన ఇసుక గడియారం దగ్గరికి చేరిన తర్వాత రాకుమారుడు ఒక క్షణం సందేహిస్తాడు, ఆ సందేహపు క్షణంలో వజీరు దెబ్బతీస్తాడు, ఆ తర్వాత ఫరా అంత ఎత్తు నుంచి పడి చనిపోతుంది. ఆమె చావుకు ముందు అతని దగ్గర బాకు లేదు కాబట్టి పది సెకన్లు వెనక్కి పోయి పట్టుకోవడం కుదరదు. అప్పుడతను తిరిగి చేతికొచ్చిన బాకును గడియారంలో గుచ్చుతాడు, కాలం మొత్తం కోట మీద దాడికి ముందటి రాత్రికి వెళ్ళిపోతుంది. తండ్రి బతికే ఉన్నాడు, ఫరా బతికే ఉంది, ఆజాద్ నగరం చెక్కుచెదరలేదు. కానీ ఫరాకు అతనెవరో తెలియదు. కలిసి చేసిన ప్రయాణం, కలిసి పడ్డ భయం, కలిగిన ప్రేమ, అన్నీ అతని ఒక్కడి తలలోనే మిగిలాయి. ఆట మొదటి నుంచి మనం వింటున్న కథకుడి గొంతు, ఆ రాత్రి ఆమె గదిలోకి వెళ్ళి జరిగినదంతా ఆమెకు చెప్పుకుంటున్న రాకుమారుడిదేనని అప్పుడు తెలుస్తుంది. మధ్యలో ఆడేవాడు ఇసుక లేక చనిపోయిన ప్రతిసారీ ఆ గొంతు, అలా జరగలేదు, మళ్ళీ చెబుతాను అంటూ సర్దుకున్నది కూడా అందుకే. ఆమె అతని మాట నమ్మదు. చివరికి, చిన్నప్పుడు భయం వేసినప్పుడు తను ఎవరికీ తెలియకుండా అనుకునే మాటగా ఫరా చీకట్లో ఒకసారి అతనికి చెప్పిన ‘కాకోలూకియా’ను అతను వెళ్ళిపోతూ పలికినప్పుడు ఆమె నిర్ఘాంతపోతుంది. (పంచతంత్రంలో కాకులకు, గుడ్లగూబలకు వైరం చెప్పే కాకోలూకీయం తెలుగు పాఠకులకు వెంటనే స్ఫురిస్తుంది; ఆ పంచతంత్రం కూడా ఆరో శతాబ్దంలో భారతదేశం నుంచి పర్షియాకు, పహ్లవీ భాషలోకి వెళ్ళిన సంపదే.) ఇసుక వెలను మొదట గుండ్రాల్లో కొలిచిన ఆట, చివరికి దాన్ని ఒంటరి జ్ఞాపకంలో కొలిచింది. అందరికీ జరగనిది ఒక్కడికే జరిగి ఉండటం కన్నా పెద్ద వెల నాకు తోచదు.

వజీరు విషయం కూడా తేలిగ్గా వదిలేయదగినది కాదు. అతను రోగంతో క్షీణిస్తున్న ముసలివాడు. అతనికి ఇసుక కావలసింది గతాన్ని దిద్దడానికి కాదు, చావు లేకుండా ఉండడానికి. అంటే రాకుమారుడు లోకపు కాలాన్ని వెనక్కి తిప్పితే, వజీరు తన ఒంట్లోని కాలాన్ని ఆపాలనుకున్నాడు. మన రసవాదం వెతికింది ఈ రెండోదాన్నే. పాదరసాన్ని శుద్ధి చేసి, ముసలితనాన్నీ చావునూ జయించే దేహం సాధించాలన్నది రససిద్ధుల తపన. శ్రీశైలం పేరు, సిద్ధ నాగార్జునుడి పేరు ఆ కథలతో ముడిపడి ఉన్నాయి. ఆ సంప్రదాయంలో లోకం ముందుకు సాగిపోతూనే ఉంటుంది, సాధకుడు మాత్రం ఆగిపోతాడు. మీ నవలలో రసవాది భస్మం లోకాన్నే వెనక్కి నడిపిస్తోంది కాబట్టి, ఆ సంప్రదాయం నుంచి మీరు ఎక్కడ పక్కకు జరిగారో మీకు స్పష్టంగా తెలిసి ఉండాలి.

ఇసుక పుట్టుక సంగతి ఇప్పుడు చెబుతాను. 2004లో వచ్చిన ‘వారియర్ వితిన్’ రచనలో మెక్నర్ లేరు. అందులో ఇసుకను విడుదల చేసినవాడు చనిపోవాలని రాసిపెట్టి ఉంది, రాకుమారుడు చావలేదు, కాబట్టి కాలక్రమాన్ని కాపాడే దహాకా అనే భూతం అతన్ని వేటాడుతుంది. (ఆ పేరు జరతుష్ట్ర మతగ్రంథం అవెస్తాలోని అజి దహాకాది, పర్షియన్ వీరకావ్యం షానామాలో భుజాల మీద పాములు మొలిచిన జహాక్‌ది, పర్షియన్ పురాణం తెలిసినవారికి ఈ ఎంపిక నచ్చుతుంది.) ఇసుక పుట్టకుండా చేస్తే తనకు ఈ వేట తప్పుతుందని అతను కాలద్వీపానికి, అక్కడ నుంచి గతానికి వెళ్ళి, ఇసుకను సృష్టించిన కాలసామ్రాజ్ఞిని చంపుతాడు. తీరా చూస్తే ఆమె శరీరం నుంచే ఇసుక పుట్టింది. అడ్డుకోవడానికి చేసిన పనే కారణమైంది. విడిగా చూస్తే ఇది గట్టి మలుపే, గ్రీకు విషాదాంతాల పద్ధతిలో గుండ్రంగా మూసుకుపోయే విధి.

కానీ మొదటి ఆటతో కలిపి చూస్తే అతుకు నిలవదు. మొదటి ఆటలో కాలం మార్చదగినది, అందుకే ఫరా బతికింది. రెండో ఆట తొలిసగంలో కాలం మార్చరానిది, అందుకే సామ్రాజ్ఞిని చంపితే ఇసుక పుట్టింది. రెండో ఆట చివరిసగంలో అది మళ్ళీ మార్చదగినదైపోయింది, అసలు ముగింపులో సామ్రాజ్ఞి కైలీనా బతికి అతనితో బయలుదేరుతుంది. ఇసుకే పుట్టకపోతే అతను ద్వీపానికి ఎందుకు వెళ్ళినట్టు, వెళ్ళకపోతే పుట్టకుండా ఎలా ఆపినట్టు అన్న చిక్కు అలాగే ఉండిపోతుంది. 2005 నాటి ‘ద టూ థ్రోన్స్’ ఈ చిక్కును విప్పే ప్రయత్నం చేయకుండా దాని ఫలితాన్ని నిజాయితీగా తీసుకుంది: ఇసుక లేదు కాబట్టి ఆజాద్ ఘటన లేదు, కాబట్టి వజీరు చావలేదు, కాబట్టి అతను బాబిలోన్ చేరుకుని కైలీనాను చంపి మళ్ళీ ఇసుకను విడుదల చేస్తాడు. ఒక తప్పును పూర్తిగా చెరిపేస్తే ఆ తప్పు వల్ల జరిగిన మంచి కూడా చెరిగిపోతుందన్న ఈ తర్కం నాకు నచ్చింది. అందులో ఇసుక రాకుమారుడి ఒంట్లోకే దిగి, అతని లోపల మరో క్రూరమైన రాకుమారుణ్ణి నిద్రలేపుతుంది. నీళ్ళలో అడుగుపెడితే మామూలు రూపం తిరిగి వస్తుంది. దహాకాకు కూడా నీళ్ళంటేనే భయం. పుట్టుక విషయంలో తడబడిన ఈ రెండు ఆటలూ, ఇసుకకు నీరు విరోధి అన్న ఒక్క నియమాన్ని మాత్రం చక్కగా నిలబెట్టాయి. కాబట్టి మీ ప్రశ్నకు సూటిగా జవాబు ఇది: వాడకంలో నియమాలు నిలకడగా ఉన్నాయి, పుట్టుకలో లేవు. మొదటి ఆట ఆ ఇసుక ఎవరు చేశారో చెప్పకుండా వదిలేయడమే మంచి నిర్ణయం.

అసలు ఇసుకే ఎందుకు అన్నది మీ భస్మానికి బాగా ఉపయోగపడే ప్రశ్న. నీళ్ళు నిండిన కుండ అడుగున రంధ్రం చేస్తే మట్టం తగ్గేకొద్దీ ధార బలహీనపడుతుంది. ఇసుక అలా కాదు, పైన ఎంత ఎత్తు ఉన్నా గింజల బరువులో ఎక్కువ భాగాన్ని గోడలే మోయడం వల్ల, కింది రంధ్రం నుంచి దాదాపు ఒకే వేగంతో రాలుతుంది. కాలాన్ని సమానంగా కొలవడానికి తగిన పదార్థం కాబట్టి కాలానికి ప్రతినిధి అయింది. పైగా అది కంటికి కనిపిస్తుంది, గుప్పెళ్ళుగా విడదీయవచ్చు, తిరగేస్తే మళ్ళీ మొదలవుతుంది. అయితే తొమ్మిదో శతాబ్దపు భారతదేశపు కోటలో అంత పెద్ద గాజు ఇసుక గడియారం ఉండటం కల్పనే. మన దగ్గర వేళను ఎక్కువగా నీళ్ళతోనే కొలిచారు. అడుగున సన్నని రంధ్రమున్న రాగి గిన్నెను నీటి మీద వదిలితే, అది నిండి మునగడానికి పట్టే కాలం ఒక గడియ, అంటే 24 నిమిషాలు. పగలూ రాత్రీ కలిపి అది 60 సార్లు మునుగుతుందని సూర్యసిద్ధాంతం చెబుతుంది. ఆ గ్రంథంలో ఇసుక నింపిన యంత్రాల ప్రస్తావన కూడా ఉంది గానీ, రెండు గాజుబుడ్లను మెడ దగ్గర కలిపిన గడియారం స్పష్టంగా కనిపించే తొలి చిత్రం ఇటలీలోని సియెనా నగరంలో, 1338 ప్రాంతపు కుడ్యచిత్రంలో ఉంది.

మీ నవల జానపదం కాబట్టి, ఇసుక గడియారాన్ని అరువు తెచ్చుకోవద్దని నా సలహా. మీ చేతిలో అంతకన్నా మంచి సామగ్రి ఉంది. కొలతకు గడియ ఉంది, మునిగే గిన్నె ఉంది. చిటికెడు భస్మానికి ఒక గడియ వెనక్కి అని పెట్టుకుంటే, పాఠకుడు మొదటి ప్రకరణంలోనే లెక్క పట్టుకుంటాడు, ఆ తర్వాత భరిణెలో ఎంత మిగిలిందో చెప్పినప్పుడల్లా అతని గుండె వేగం మారుతుంది. భరిణెలో ఉన్నదెంతో దాచిపెట్టి, అవసరమైనప్పుడల్లా ఇంకొంచెం బయటపడిందని రాస్తే మాత్రం ఎంత గొప్ప సన్నివేశమైనా తేలిపోతుంది.

భస్మం ఎందుకు అరుదుగా ఉండాలో కూడా మీరు కల్పించనక్కర్లేదు, వైద్యంలోనే కారణం ఉంది. అభ్రక భస్మం కోసం అభ్రకాన్ని (మైకాను) మందురసాలతో నూరి, బిళ్ళలు చేసి, మూకుళ్ళలో మూసి, పిడకల మంటలో పుటం పెడతారు; చల్లారిన తర్వాత తీసి మళ్ళీ నూరి మళ్ళీ పుటం పెడతారు. నూరు పుటాలు పడితే శతపుటి, వెయ్యి పడితే సహస్రపుటి. రోజుకొక పుటం చొప్పున వేసుకున్నా వెయ్యి పుటాలకు మూడేళ్ళకు కొద్దిగా తక్కువ పడుతుంది. నెల్లూరు ప్రాంతం అభ్రకానికి పేరుపొందినదే కాబట్టి, మీ రసవాదిని ఆ నేల మీద నిలబెట్టడానికి కూడా వీలుంది. ఇప్పుడు లెక్క చూడండి: మూడేళ్ళ శ్రమకు దొరికేది చిటికెడు, చిటికెడుతో వెనక్కి వచ్చేది 24 నిమిషాలు. ఒక మనిషి తన జీవితంలో నుంచి అన్నేళ్ళు తీసి ఇచ్చి, ఇంకొకరి జీవితంలో ఒక గడియను వెనక్కి కొంటున్నాడు. ‘శాండ్స్ ఆఫ్ టైమ్’లో వెల వాడేటప్పుడు తెలుస్తుంది, మీ కథలో తయారీ దగ్గరే తెలుస్తుంది, నా దృష్టిలో మీది ఇంకా బలమైన ఏర్పాటు.

మినహాయింపును మరిచిపోకండి. కాలం వెనక్కి పోయినా చల్లిన భస్మం భరిణెలోకి తిరిగి రాకూడదు, అది తయారుచేయడానికి పట్టిన ఏళ్ళు రసవాది వయసులో నుంచి తగ్గకూడదు. ఎవరి నుదుట భస్మం అంటి ఉందో వాళ్ళకే జ్ఞాపకం నిలుస్తుందని పెట్టుకోవచ్చు. అప్పుడు, ఎవరి నుదుటి మీద రాయాలి అన్నది కథలో ఒక నిర్ణయమవుతుంది, ఇద్దరికి రాస్తే ఒక గడియకు రెండు చిటికెలు పోతాయి. రాకుమారుడు ఒంటరిగా మోసిన జ్ఞాపకాన్ని పంచుకోవడానికి మీ పాత్రలకు అవకాశం ఉంటుంది, కానీ దానికి ఖర్చు రెట్టింపవుతుంది.

భస్మం మొదట ఎవరు కనిపెట్టారో, ఏ దేవుడు ఇచ్చాడో చెప్పే ప్రకరణం మీ ప్రణాళికలో ఉందని రాశారు. దాన్ని తీసేయండి. మీ రసవాదికి గురువు నేర్పాడు, ఆ గురువుకు ఆయన గురువు నేర్పాడు, అంతవరకు చాలు. ఆ ప్రకరణం స్థానంలో, వెనక్కి మళ్ళిన గడియ ఏమీ గుర్తులేని పాత్ర వైపు నుంచి ఒక ప్రకరణం రాయండి: ముక్కూముఖం తెలియని మనిషి వాకిట్లోకి వచ్చి, ఆమెకు మాత్రమే తెలిసిన సంగతులు చెబుతుంటే ఆమె ఏం చేస్తుంది, ఎంతవరకు వింటుంది, ఎక్కడ తలుపు వేస్తుంది. ఫరా గదిలో జరిగినదాన్ని ఆట రాకుమారుడి గొంతులోనే వినిపించింది, ఆమె వైపు నుంచి చెప్పడానికి దానికి చోటు లేకపోయింది. నవలలో మీకు ఆ చోటుంది.